రిగ్రెషన్ అంతా ఆటోమేట్ అయ్యాక మాన్యువల్ టెస్టింగ్ ఎందుకు?

విడుదలరోజు

అందరికీ నమస్కారం. మా ప్రాజెక్టులో రిగ్రెషన్ స్క్రిప్టులు, అంటే ఇదివరకు పనిచేసినవి చెడిపోలేదని మళ్లీ మళ్లీ చూసే ఆటోమేటిక్ పరీక్షలు, దాదాపు పూర్తయ్యాయి. కోడ్‌లో మార్పు చేరిన ప్రతిసారీ అవే నడిచి ఫలితాలు పంపుతున్నాయి. దాంతో పైనుంచి ఒక ప్రశ్న వచ్చింది: ఇంకా మాన్యువల్ టెస్టింగ్‌కు, అంటే చేతితో చేసే పరీక్షలకు, విడిగా మనుషులూ సమయమూ ఎందుకు? తర్వాతి రిలీజు నుంచి తీసేస్తే నష్టం ఏమిటి?

నేను టెస్టర్‌ను కాను, రిలీజుల బాధ్యత చూస్తాను. తీసేయకూడదనే నా అభిప్రాయం. కానీ అభిప్రాయం ఒక్కటే చెబితే ఎవరూ వినరు. ఏ పని స్క్రిప్టుకు అప్పగించాలి, ఏది మనిషే చేయాలి, ఎందుకు అన్నది ఈ పనిలో ఉన్నవాళ్లు చెబితే రాసుకుని వెళ్లి మాట్లాడతాను.

నడిరేయి

డెవలపర్‌గా నా మాట సూటిగా చెబుతాను. ఆ ప్రశ్న అడిగినవాళ్లను తప్పుపట్టలేం. ప్రతి రిలీజుకూ అదే ఫారం తెరిచి, అవే వివరాలు నింపి, అదే బటన్ నొక్కి, షీటులో ‘పాస్’ అని రాసుకుంటూ పోవడం మనిషి చేయాల్సిన పని కాదు. వందో కేసు దగ్గరికి వచ్చేసరికి కళ్లు తెర మీద ఉంటాయి, ధ్యాస ఉండదు. నిన్న పాసైంది కాబట్టి ఈరోజూ పాసయ్యే ఉంటుందని చేయి ముందుకు సాగిపోతుంది. ఇందులో టెస్టర్ల తప్పు లేదు, ఆ పని స్వభావమే అంత.

చేత్తో చేసే పనిలో ఒక్క అడుగు తప్పితే ఏమవుతుందో 2012 ఆగస్టు 1న నైట్ క్యాపిటల్ అనే అమెరికా షేర్ల ట్రేడింగ్ సంస్థలో చూశాం. కొత్త కోడ్‌ను 8 సర్వర్లలో పెట్టాల్సి ఉండగా ఒకదాన్ని వదిలేశారు. అందులో మిగిలిపోయిన పాత కోడ్ 45 నిమిషాల్లో 44 కోట్ల డాలర్లకు పైగా నష్టం తెచ్చింది. అది టెస్టింగ్ కాదు, సర్వర్లలో కోడ్ పెట్టే పని. అయినా ఒకే పనిని ప్రతిసారీ ఒకే రీతిలో చేయాల్సిన చోట నేను మనిషి కంటే స్క్రిప్టునే నమ్ముతాను.

గవేషి

నడిరేయి గారు చెప్పినదానితో ఏకీభవిస్తాను. చాలాకాలంగా టెస్టింగ్‌లో ఉన్నాను. షీటు చూసి టిక్కులు పెట్టే పని పోతే మొదట సంతోషించేది నేనే. అయితే ఆ పని పోయిన తర్వాత ఏమి మిగులుతుందన్నదే అసలు ప్రశ్న.

స్క్రిప్టు ఎలా పనిచేస్తుందో గుర్తు చేసుకుందాం. ఏ వివరం ఇవ్వాలి, ఏ ఫలితం రావాలి అన్నది రాసినవారు ముందే నిర్ణయిస్తారు. స్క్రిప్టు ఆ ఒక్క చోటే చూస్తుంది. బిల్లు మొత్తం సరిగ్గా వచ్చిందా అని చూడమంటే ఆ అంకె ఒక్కటే చూస్తుంది. ‘చెల్లింపు విజయవంతమైంది’ అన్న వాక్యం ఎర్ర రంగులో, పక్కన హెచ్చరిక గుర్తుతో కనిపించినా దానికి పాసే. వాక్యం ఉంది కదా! జాబితా లోడ్ అయిన ప్రతిసారీ పేజీ పైకి ఎగిరి, యూజర్ చూస్తున్న చోటు తప్పిపోయినా పాసే. మనిషి ఆ అంకె కోసం చూస్తూనే ఈ రెండింటినీ గమనిస్తాడు. ఎవరూ చెప్పకుండానే గమనిస్తాడు.

స్క్రిప్టులు పాతబడతాయి కూడా. అవే పరీక్షలు మళ్లీ మళ్లీ నడిపితే కొన్నాళ్లకు అవి కొత్త బగ్గులు పట్టుకోవడం మానేస్తాయి. పాతవి తిరిగి రాకుండా కాపలా కాస్తాయి, అంతే. ఆ కాపలా విలువైనదే. కానీ కాపలా వేరు, వెతకడం వేరు.

వెతకడం అంటే ఏమిటో చెప్పడానికి థెరాక్-25 కంటే మంచి ఉదాహరణ నాకు తెలియదు. అది క్యాన్సర్ రోగులకు రేడియేషన్ ఇచ్చే యంత్రం. 1985 నుంచి 1987 వరకు అమెరికా, కెనడాల్లో దానివల్ల 6 ప్రమాదాలు జరిగాయి. రోగులకు ఇవ్వాల్సిన మోతాదు కంటే ఎన్నో రెట్లు ఎక్కువ రేడియేషన్ తగిలింది, కొందరు ప్రాణాలు కోల్పోయారు. 1986లో టెక్సస్‌లోని టైలర్ నగర ఆసుపత్రిలో ఒక ప్రమాదం జరిగినప్పుడు తెర మీద ‘మాల్‌ఫంక్షన్ 54’ అన్న మాట తప్ప వివరమేమీ లేదు. తయారీదారుల ఇంజినీర్లు వచ్చి చూసినా ఆ లోపాన్ని మళ్లీ రప్పించలేకపోయారు. యంత్రాన్ని మళ్లీ వాడుకలో పెట్టారు. కొద్ది వారాల్లో అక్కడే మరో ప్రమాదం జరిగింది.

చివరికి దాన్ని పట్టుకున్నది ఆ ఆసుపత్రి భౌతికశాస్త్రవేత్త, యంత్రం నడిపే ఆపరేటర్. ఇద్దరూ కీబోర్డు ముందు కూర్చుని ఆ రోజు జరిగిన క్రమాన్ని మళ్లీ మళ్లీ చేసి చూశారు. ఆపరేటర్ చికిత్స రకాన్ని పొరపాటుగా నమోదు చేసి, వెంటనే కర్సర్ పైకి జరిపి దిద్దుకుని, గబగబా కిందికి వచ్చేసిన సందర్భం అది. లోపం ఆ వేగంలో ఉంది. యంత్రంలోని అయస్కాంతాలు సర్దుకోవడానికి దాదాపు 8 సెకన్లు పడుతుంది. ఆ వ్యవధిలో చేసిన దిద్దుబాటును సాఫ్ట్‌వేర్ గుర్తించలేదు. మెల్లగా టైపు చేసినవాళ్లెవరికీ ఆ లోపం కనిపించదు. రోజూ ఆ పని చేసి చేతులు అలవాటుపడిన మనిషికి మాత్రమే కనిపిస్తుంది.

‘అనుభవమున్న ఆపరేటర్ వేగంగా దిద్దుతాడు’ అని ఏ టెస్ట్ కేసులోనూ లేదు. ఆ మనిషి ఎలా వాడతాడో ఊహించి, అలాగే వాడి చూసేవారు ముందే ఉండి ఉంటే అన్న ఆలోచన నన్ను ఇప్పటికీ వదలదు.

తొలిఅడుగు

చాలా విలువైన చర్చ. నేను కొత్తగా నేర్చుకుంటున్నాను. గవేషి గారూ, మీరు చెబుతున్నది ఎక్స్‌ప్లోరేటరీ టెస్టింగ్ అనుకుంటున్నాను. అంటే తోచినట్టు అక్కడా ఇక్కడా నొక్కి చూడడమేనా? దానికి పద్ధతి ఏమైనా ఉందా?

గవేషి

ఉందండీ. తోచినట్టు నొక్కడంతో దాన్ని కలపడం వల్లే దానికి చిన్నచూపు వచ్చింది. ఆ పేరును 1980లలో వాడుకలోకి తెచ్చినవారు టెస్టింగ్ నిపుణుడు కెమ్ కేనర్. నేర్చుకోవడం, తర్వాతి పరీక్ష ఏమిటో ఆలోచించడం, దాన్ని చేయడం ఒకేసారి సాగడం దాని సారాంశం. ఇప్పుడు చూసిన ఫలితాన్ని బట్టి తర్వాతి అడుగు వేస్తారు.

దీనికి ఒక కట్టుబాటు తేవడానికి 2000లో టెస్టింగ్ నిపుణులు జోనథన్ బాక్, జేమ్స్ బాక్ సెషన్ల పద్ధతిని ప్రచారంలోకి తెచ్చారు. ముందు ఒక లక్ష్యం రాసుకుంటారు, దాన్ని చార్టర్ అంటారు. ఉదాహరణకు: ‘చెల్లింపు మధ్యలో నెట్‌వర్క్ పోతే ఆర్డరు స్థితి ఎలా మారుతుందో పరిశీలించాలి.’ గంట, గంటన్నర పాటు ఇంకే పనీ పెట్టుకోకుండా ఆ ఒక్క లక్ష్యం మీదే కూర్చుంటారు. ఓటీపీ వచ్చే ముందు నెట్ ఆపుతారు, వచ్చాక ఆపుతారు, రెండు ట్యాబుల్లో అదే ఆర్డరు తెరుస్తారు, మధ్యలో ఫోను వచ్చినట్టు చేస్తారు, వెనక్కి బటన్ నొక్కుతారు. ఏమి చేశారో, ఏమి చూశారో, ఏ అనుమానం మిగిలిందో నోట్సు రాస్తారు. తర్వాత లీడ్‌తో కూర్చుని పది నిమిషాలు దాని మీద మాట్లాడతారు. ఏది చూడలేదో కూడా ఆ నోట్సులో ఉంటుంది. తొలిఅడుగు గారూ, ఈ చివరి మాట గట్టిగా పట్టుకోండి. ‘ఇది చూశాను’ అన్నదెంత ముఖ్యమో ‘ఇది చూడలేదు’ అన్నదీ అంతే ముఖ్యం.

అంచువిలువ

ఇప్పటివరకు అందరూ కోడ్ తయారయ్యాక జరిగే పని గురించే మాట్లాడుతున్నారు. నా దృష్టిలో మాన్యువల్ టెస్టర్ చేసే అత్యంత చవకైన, అత్యంత లాభమైన పని కోడ్‌కు ముందే ఉంది. రిక్వైర్‌మెంట్, అంటే ఏమి తయారుచేయాలో చెప్పే పత్రం, చదవడం.

‘పేరు 20 అక్షరాలకు మించకూడదు’ అని ఒక వాక్యం ఉందనుకోండి. టెస్ట్ కేసులు సులువుగా వచ్చేస్తాయి: ఖాళీ, 1, 20, 21. హద్దుల దగ్గరే తప్పులు ఎక్కువ కాబట్టి అక్కడ చూస్తాం. ఇక్కడివరకు స్క్రిప్టూ చేస్తుంది. కానీ చదివేటప్పుడు టెస్టర్ అడగాల్సిన ప్రశ్న ఇంకొకటి: అక్షరం అంటే ఏది? ‘లక్ష్మి’లో మన కంటికి కనిపించేవి రెండే అక్షరాలు. అందులో ‘క్ష్మి’ ఒక్కటే యూనికోడ్‌లో (కంప్యూటర్లు లిపులన్నిటికీ వాడే సంకేతాల పట్టికలో) 6 సంకేతాలు: క, పొల్లు, ష, పొల్లు, మ, గుడి. వాటిని నిల్వచేసే యూటీఎఫ్-8 పద్ధతిలో 18 బైట్లు. తెర మీద పరిమితి ఒక లెక్కలో, డేటాబేసులో మరో లెక్కలో ఉంటే పేరు మధ్యలో తెగి, గుణింతం లేని అక్షరం మిగులుతుంది. ఆంగ్లంలో ఎన్ని పేర్లు ఇచ్చినా ఈ లోపం బయటపడదు. స్క్రిప్టులో పేర్లన్నీ ఆంగ్లంలోనే ఉంటే ప్రతిరోజూ పచ్చ టిక్కే వస్తుంది.

ఇది చిన్న సమస్య అనుకునేవాళ్లకు 2018 ఫిబ్రవరి గుర్తు చేస్తాను. ‘జ్ఞా’ అక్షరానికి సంబంధించిన ఒక కూర్పు సందేశంలో వస్తే చాలు, ఐఫోన్లలో ఆ యాప్ మూతపడేది. కొన్ని సందర్భాల్లో ఫోను హోమ్ స్క్రీనే కూలిపోయేది. ఆపిల్ అదే నెలలో ఐఓఎస్ 11.2.6 విడుదల చేసి సరిదిద్దింది. అంత పెద్ద సంస్థ పరీక్షలన్నీ దాటుకుని అది కోట్ల ఫోన్లలోకి వెళ్లింది. మన లిపిలో రోజూ రాసే మనిషి ఏ యాప్‌కైనా టెస్టర్‌గా ఎంత అవసరమో చెప్పడానికి నాకు ఇది చాలు.

ఇలాంటి ప్రశ్న సమావేశంలోనే అడిగితే ఖర్చు రెండు నిమిషాలు. రిలీజు తర్వాత బయటపడితే డేటాబేసు మార్చాలి, పాత పేర్లు సరిచేయాలి, యూజర్లకు జవాబు చెప్పుకోవాలి.

స్వరదారి

నేను స్క్రీన్ రీడర్ (తెర మీద ఉన్నది చదివి వినిపించే సాఫ్ట్‌వేర్) మీద ఆధారపడి కంప్యూటర్ వాడే మనిషిని, యాప్‌లను అలా వాడి పరీక్షించడమే నా ఉద్యోగం కూడా. ఈ చర్చలో నా వైపు నుంచి ఒక మాట చెప్పాలి.

యాక్సెసిబిలిటీని (వైకల్యం ఉన్నవాళ్లూ వాడగలిగే వీలును) టూలుతో చూసేశాం, లోపాలు సున్నా అని చెప్పే జట్లు చాలా ఉన్నాయి. టూలు ఏమి చూస్తుంది? బొమ్మకు వివరణ ఉందా లేదా, అక్షరాల రంగుకూ వెనుక రంగుకూ తేడా 4.5:1 నిష్పత్తికి తగ్గిందా, పెట్టెలకు లేబుల్ ఉందా. ఇవన్నీ అవసరమే. కానీ బొమ్మ వివరణలో ‘ఇమేజ్ 1’ అని రాసి ఉంటే టూలుకు సమ్మతమే, నాకు దానివల్ల ప్రయోజనం శూన్యం. నిర్ధారణ పెట్టె తెరుచుకున్నాక స్క్రీన్ రీడర్ వెనుక పేజీనే చదువుతూ ఉంటే, పెట్టె వచ్చిందని నాకు తెలియనే తెలియదు. ‘పంపు’ అన్న బటన్ పేజీలో మూడు చోట్ల ఉంటే మూడూ నాకు ‘పంపు, బటన్’ అనే వినిపిస్తాయి. ఏది దేన్ని పంపుతుంది?

విడుదలరోజు గారూ, మీ జట్టులో ఒకరిని మౌస్ పక్కన పెట్టి కేవలం కీబోర్డుతో ఒక పని మొదటి నుంచి చివరి దాకా పూర్తి చేయమనండి. తర్వాత తెర ఆపేసి ఎన్‌వీడీఏ అనే స్క్రీన్ రీడర్‌తో గానీ ఆండ్రాయిడ్ ఫోనులో ఉండే టాక్‌బ్యాక్‌తో గానీ అదే పని చేయమనండి. ఎన్‌వీడీఏ ఉచితం. మీ స్క్రిప్టులన్నీ పచ్చగా ఉన్న రోజే చేయమనండి. ఆ పని ఎవరూ చేయకపోతే మాలాంటివాళ్లు మీ యాప్‌లో ఎక్కడ ఆగిపోయామో మీకు ఎప్పటికీ తెలియదు. చాలామంది ఫిర్యాదు చేయరు, వెళ్లిపోతారు.

నడిరేయి

స్వరదారి గారి మాట నాకు పూర్తిగా కొత్త. ధన్యవాదాలు, మా ఫారాలు ఇలా చూసి వచ్చి చెబుతాను.

అయినా డెవలపర్ల వైపు నుంచి ఒక న్యాయమైన ఇబ్బంది చెప్పాలి. చేతితో దొరికిన బగ్గులు చాలాసార్లు ‘చెల్లింపు పని చేయడం లేదు’ అన్న ఒక్క వాక్యంగా మా దగ్గరికి వస్తాయి. మా దగ్గర ప్రయత్నిస్తే పని చేస్తుంది. తిరిగి పంపుతాం. వాళ్లు మళ్లీ తెరుస్తారు. స్క్రిప్టు విఫలమైతే ఏ వరుసలో, ఏ విలువతో విఫలమైందో లాగులో ఉంటుంది. మనిషి చెప్పేది కూడా అంత స్పష్టంగా ఉండకపోతే ఆ పరిశీలన అంతా వృథా అవుతుంది కదా?

పట్టిక

నిజమే. సరిగ్గా రాయని బగ్గు దొరకని బగ్గుతో సమానం. నేను మా జట్టులో కొత్తవాళ్లకు చూపించే నమూనా ఇది:

శీర్షిక: చెల్లింపు తర్వాత వెనక్కి వెళ్లి మళ్లీ ‘చెల్లించు’ నొక్కితే అదే ఆర్డరు రెండోసారి నమోదవుతోంది.
ఎక్కడ: టెస్ట్ సర్వర్, బిల్డు నంబరు, ఆండ్రాయిడ్ ఫోనులో క్రోమ్, మొబైల్ డేటా.
ఎలా: బుట్టలో ఒక వస్తువు వేసి చెల్లింపు పూర్తి చేయాలి. ధన్యవాదాల పేజీ రాగానే, 5 సెకన్లలోపు, బ్రౌజర్‌లో వెనక్కి వెళ్లి ‘చెల్లించు’ నొక్కాలి.
జరగాల్సింది: ఆర్డరు ఇప్పటికే పూర్తయిందని చెప్పాలి.
జరిగింది: రెండో ఆర్డరు నంబరు వచ్చింది, డబ్బు మళ్లీ తీసుకుంది.
ఎంత తరచుగా: 5 సెకన్లలోపు నొక్కితే ప్రతిసారీ. ఆలస్యంగా నొక్కితే రావడం లేదు. వైఫైలో రాలేదు.

చివరి వరుస చూడండి. అది రాయాలంటే టెస్టర్ ఒకసారి చూసి ఊరుకోకుండా వేగం మార్చి, నెట్ మార్చి, ఎప్పుడు వస్తుంది, ఎప్పుడు రాదు అని తేల్చుకోవాలి. పైన గవేషి గారు చెప్పిన ఆసుపత్రిలో ఆ ఇద్దరూ చేసినది ఇదే. డెవలపర్‌కు సగం పని అక్కడే తగ్గుతుంది. వీడియో జతచేస్తే ఇంకా మంచిది. కానీ వీడియో ఈ వరుసలకు బదులు కాదు.

సివియారిటీ (హాని ఎంత), ప్రయారిటీ (ముందు ఏది) కలిపేయకండి. మొదటి పేజీలో సంస్థ పేరు తప్పుగా పడితే సాఫ్ట్‌వేర్‌కు జరిగే హాని దాదాపు ఏమీ లేదు, అయినా ఆ రోజే సరిచేయాలి. ఎవరూ వాడని పాత నివేదిక తెరిస్తే యాప్ కూలిపోతుంది, హాని పెద్దదే, అయినా తర్వాతి రిలీజు దాకా ఆగవచ్చు. హాని ఎంతో టెస్టర్ చెబుతాడు, ముందు ఏది అన్నది ఉత్పత్తి బాధ్యత చూసేవారితో కలిసి తేలుస్తారు.

తొలిఅడుగు

అయితే నేను ప్రోగ్రామింగ్ నేర్చుకోనక్కరలేదా? మాన్యువల్ టెస్టర్లకు భవిష్యత్తు లేదని అందరూ భయపెడుతున్నారు.

అంచువిలువ

నేర్చుకోండి, తప్పకుండా. ఆటోమేషన్ ఉద్యోగం కోసమే కాదు, లోపలికి చూడడానికి. డేటాబేసు నుంచి సమాచారం అడిగే భాష అయిన ఎస్‌క్యూఎల్ వస్తే, తెర మీద కనిపించిన అంకే డేటాబేసులో కూడా ఉందా అని మీరే చూసుకుంటారు. బ్రౌజర్‌లోని డెవలపర్ టూల్స్‌లో నెట్‌వర్క్ ట్యాబు చదవడం వస్తే తప్పు తెరదా సర్వర్‌దా చెప్పగలుగుతారు. పోస్ట్‌మ్యాన్ అనే టూలుతో ఏపీఐని (ప్రోగ్రాములు సర్వర్‌తో మాట్లాడే దారిని) నేరుగా పిలిస్తే, తెర అడ్డుకునే విలువలను సర్వర్ కూడా అడ్డుకుంటుందో లేదో తెలుస్తుంది. ఇవి వచ్చిన మాన్యువల్ టెస్టర్‌ను వదులుకోవడానికి ఏ జట్టూ ఇష్టపడదు. షీటులో టిక్కులు మాత్రమే పెట్టే పని ఎలాగూ తగ్గుతుంది, ఆ నిజం మీ దగ్గర దాచను.

విడుదలరోజు

ఊహించినదానికంటే చాలా ఎక్కువ దొరికింది. ఇప్పుడు ఆచరణ ప్రశ్న. సమయం తక్కువ. అన్నీ చేతితో చూడలేం. ఎక్కడ పెట్టాలి? ఫలితం ఎలా చూపించాలి? ‘ఇన్ని బగ్గులు పట్టాం’ అని సంఖ్య చెబితే సరిపోతుందా?

గవేషి

సంఖ్య చెప్పవద్దు. బగ్గుల సంఖ్యతో కొలవడం మొదలైతే చిన్నచిన్నవాటితో జాబితా నిండిపోతుంది, లోతుగా వెతికేవారు వెనకబడతారు. దానికి బదులు రిలీజు తర్వాత యూజర్ల దగ్గర బయటపడిన ప్రతి లోపాన్నీ తీసుకుని కూర్చోండి. దీన్ని ఏది పట్టుకోగలిగేది? కోడ్‌లో చిన్న ముక్కను విడిగా పరీక్షించే యూనిట్ టెస్టా, స్క్రిప్టా, ఒక సెషనా, రిక్వైర్‌మెంట్ దగ్గర ఒక ప్రశ్నా? కొన్ని రిలీజులు ఇలా చేస్తే మీ ప్రాజెక్టులో మనిషి అవసరం ఎక్కడుందో మీ సొంత సమాచారమే చెబుతుంది. పైవాళ్లకు దానికి మించిన ఆధారం ఉండదు.

సమయం ఎక్కడ పెట్టాలంటే, కొత్త ఫీచర్‌కు మొదటి చూపు ఎప్పుడూ మనిషిదే కావాలి. రోజూ మారుతున్న తెరకు స్క్రిప్టు రాస్తే బటన్ పేరు మారిన ప్రతిసారీ అది విరిగి, దాన్ని బాగుచేయడమే పనవుతుంది. తెర నిలకడకు వచ్చాక, ఎలా వాడతారో అర్థమయ్యాక స్క్రిప్టు రాయండి. డబ్బు, వ్యక్తిగత వివరాలు, తొలగించడం లాంటి వెనక్కి తీసుకోలేని పనులు ఉన్నచోట స్క్రిప్టులు ఉన్నా సెషన్ పెట్టండి. పాత వెర్షన్ నుంచి కొత్తదానికి మారే యూజర్ల డేటా మరో చోటు. కొత్త ఖాతాతో నడిచే స్క్రిప్టులకు ఐదేళ్ల పాత ఖాతాలో ఏముంటుందో తెలియదు.

బగ్గు సరిచేశాక మళ్లీ చూసేటప్పుడు ఆ ఒక్క అడుగు దగ్గర ఆగకుండా చుట్టుపక్కల కూడా చూడాలి. ఒకే కోడ్‌ను పంచుకునే పనులు ఏవో డెవలపర్‌నే అడగండి, సంతోషంగా చెబుతారు.

అన్నీ చూశామా అని ఎవరైనా అడిగితే లేదనే చెప్పండి. పరీక్షలు బగ్గులు ఉన్నాయని చూపగలవు గానీ లేవని చూపలేవని కంప్యూటర్ శాస్త్రవేత్త డైక్‌స్ట్రా 1969లోనే అన్నారు. ఏది చూశాం, ఏది వదిలాం, వదిలినదానిలో ప్రమాదం ఎంత అన్నది చెప్పగలిగితే రిలీజు నిర్ణయం తీసుకునేవారికి అదే కావాలి.

నడిరేయి

చెప్పినట్టే మా ఫారం కీబోర్డుతో నడిపి చూశాను. తేదీ ఎంచుకునే క్యాలెండర్‌లోకి ట్యాబ్‌తో వెళ్లవచ్చు, బయటికి రాలేం. దానికి స్క్రిప్టు ఉంది, అది తేదీని నేరుగా పెట్టెలో రాసేస్తుంది కాబట్టి ఎప్పుడూ పాసవుతోంది. ఇప్పుడే సరిచేస్తున్నాను.

స్వరదారి

చాలా సంతోషం. సరిచేశాక ఎస్కేప్ నొక్కితే క్యాలెండర్ మూసుకుని, కర్సర్ తిరిగి తేదీ పెట్టె మీదికే వస్తోందో లేదో చూడండి. చాలామంది మూసేవరకు చేసి అక్కడ వదిలేస్తారు, మేము మళ్లీ పేజీ మొదట్లో తేలుతాం.

విడుదలరోజు

రేపటి సమావేశానికి ఇలా రాసుకున్నాను: రిగ్రెషన్ పూర్తిగా స్క్రిప్టులకు. టెస్టర్ల సమయం కొత్త ఫీచర్లకు, చెల్లింపులకు, పాత ఖాతాల మార్పిడికి, యాక్సెసిబిలిటీకి, చార్టర్ రాసుకున్న సెషన్లుగా. ప్రతి సెషన్ నోట్సు అందరికీ కనిపించే చోట. రిలీజు తర్వాత బయటపడిన లోపాల సమీక్ష. ఏదైనా వదిలేశానా?

అంచువిలువ

రిక్వైర్‌మెంట్ సమావేశంలో టెస్టర్‌కు చోటు. దాన్ని అన్నిటికంటే పైన రాయండి. మిగిలినవాటికి సమయం కావాలి, దీనికి పిలుపు ఒక్కటి చాలు.